చిన్నమ్మ ముంజల గిన్నె

పోయిన నెల మా అబ్బాయీ కోడలూ నన్ను డాక్టరు దగ్గరికి తీసుకువెళ్ళారు. నాకు చక్కెర జబ్బు వచ్చి పదిహేనేళ్ళు దాటింది కాబట్టి ఆ డాక్టరుకూ నాకూ మధ్య కొత్తగా మాట్లాడుకోవలసింది ఏమీ లేదు. ఆయన కాగితం చూస్తాడు, పెదవి విరుస్తాడు, నేను గోడ మీది క్యాలెండరు చూస్తాను. ఆ రోజు మాత్రం ఆయన కాగితం రెండుసార్లు తిప్పి చూసి, ఇంత పెరిగిందేమిటి, ఇంట్లో ఏం పెడుతున్నారు అని అడిగాడు. మా అబ్బాయి వెంటనే తల తిప్పాడు. నా వైపు కాదు, మా కోడలి వైపు. ఈ ఎండాకాలం మొదలైనప్పటి నుంచి ఆ పిల్ల నా కోసం ఒకటి చేస్తోంది. ఒంగోలు బజారులో బండి మీద ముంజలు కొనుక్కొచ్చి, పొర తీసి, ముక్కలు కోసి, కొబ్బరిపాలలో వేసి, చక్కెరకు బదులు ఏవో మాత్రలు కరిగించి ఫ్రిజ్‌లో పెడుతుంది. మధ్యాహ్నం చల్లగా ఒక గిన్నెడు ఇస్తుంది. "నువ్వు చేసే ఆ ముంజల దాంట్లో ఏం వేస్తున్నావు?" అని వాడు డాక్టరు ముందే అడిగాడు. కోడలి ముఖంలో రక్తం లేకుండా పోయింది.

అప్పుడు నేను నోరు విప్పాను. నా పరుపు కింద ఖర్జూరాల పొట్లం ఉంది, రోజూ నాలుగు తింటున్నాను, ఆ పిల్ల తప్పేమీ లేదు అన్నాను. డాక్టరు నవ్వాడు. మా అబ్బాయి నవ్వాడు. చివరికి కోడలు కూడా నవ్వింది. చిన్నపిల్లలా దొంగతనాలేమిటమ్మా అని వాడు కారులో దారి పొడుగునా వేళాకోళం చేశాడు. మా తాత నుంచి నాకు జబ్బుతో పాటు దొంగతనం కూడా వచ్చిందని వాడికి ఏం తెలుసు. డాక్టరు గదిలో అంత సులువుగా అన్న ఆ మాటను నేను అరవై ఏళ్ళ కిందట, వేరే ఇంట్లో, వేరే మనిషి కోసం అనవలసింది. అనలేదు. అనకపోవడం ఒక్కటే అయితే దీన్ని రాసేదాన్ని కూడా కాదేమో.

మాది తర్లుపాడుకు కోసెడు దూరంలో ఒక మెట్ట ఊరు. అప్పట్లో మేం కర్నూలు జిల్లాలో, మద్రాసు రాజధానిలో ఉండేవాళ్ళం. యుద్ధం జరిగే రోజులు, చక్కెరకూ కిరసనాయిలుకూ కార్డులు ఉండేవి. మా నేల కింద అంతా పలకరాయి. నాగలి కాస్త లోతుకు దిగితే నల్లటి పెంకులు లేచేవి. గనుల దగ్గర పలకలకు పనికిరాని బండలు కుప్పలుగా పడి ఉండేవి, ఎవరికి కావలసినన్ని వాళ్ళు బండి కట్టుకుని తెచ్చుకునేవాళ్ళు. మా వాకిలి, గొడ్లపాక, బావి గట్టు అన్నీ ఆ నల్లబండలే. ఎండాకాలం మధ్యాహ్నం వాటి మీద కాలు పెడితే బొబ్బలెక్కేది, లోపల నీడలో పరిచిన బండ మీద పడుకుంటే మాత్రం అమ్మ ఒడి అంత చల్లగా ఉండేది. నీళ్ళకు కరువు. ఊళ్ళో బావి ఉప్పన. తాగే నీళ్ళు తెల్లవారకముందే పోయి దూరపు బావి నుంచి మోసుకురావాలి. మా ఇంట్లో ఆ మోత చిన్నమ్మది.

మా నాయన వాళ్ళ నాయనను మేం జేజినాయన అనేవాళ్ళం. ఊళ్ళో అందరికీ ఆయన పెద్దరెడ్డి. మనిషి నిలువెత్తున ఉండేవాడు, ఆముదం, చుట్ట పొగ కలిసిన వాసన ఆయన కంటే ముందు గదిలోకి వచ్చేది. ఆయన గొంతు సవరించుకుంటే వంటింట్లో మాటలు ఆగిపోయేవి. మా నాయన నలభై ఏళ్ళ మనిషి, మీసాలున్న మనిషి, ఆయన ముందు మంచం మీద కూర్చునేవాడు కాదు. ఇలాంటి మనుషుల గురించి ఇప్పుడు అందరూ ఎంతో మురిపెంగా రాస్తున్నారు, ఆ క్రమశిక్షణ ఏది, ఆ పెద్దరికం ఏది అని. నాకు ఆ మురిపెం లేదు. ఆ పెద్దరికం కింద ఎవరు నలిగారో నేను చూశాను.

ఆయనకు తీపి అంటే ప్రాణం. నేతిలో ముంచిన ఓళిగలు ఒకే విడతలో ఎనిమిది తినేవాడు. అలాంటి మనిషికి ఉన్నట్టుండి దాహం పట్టుకుంది. చెంబుల కొద్దీ నీళ్ళు తాగడం, మాటిమాటికీ ఒంటికి లేవడం, కండ కరిగిపోవడం. జబ్బు పేరు మాకు మొదట చెప్పింది చీమలు. గొడ్లపాక వెనక ఆయన పొద్దున్నే వెళ్ళే చోట ఒక నల్లబండ ఉండేది, దాని మీద ఎర్రచీమలు బారులు కట్టడం జీతగాడు చూసి నాయనకు చెప్పాడు. మార్కాపురం డాక్టరు మూత్రాన్ని నీలం మందులో కాచి చూస్తే ఇటుక రంగు వచ్చింది. అన్నం మానాలి, బెల్లం, చక్కెర, మామిడిపండు, చెరుకు పేరెత్తకూడదు అన్నాడు. ఆ రోజు నుంచి కొర్రబువ్వ, కాకరకాయ, నానబెట్టిన మెంతులు. పథ్యం మొదలైన వారంలో ఆయన మూడుసార్లు కంచం విసిరేశాడు. మూడుసార్లూ చిన్నమ్మ మెతుకులు ఎత్తి, బండ కడిగి, మళ్ళీ వడ్డించింది.

చిన్నమ్మ పేరు ఓబులమ్మ. మా నాయన తమ్ముడి భార్య. పెళ్ళైన రెండో ఏడే చిన్నాయన గత్తర తగిలి పోయాడట, ఆయన ముఖం నాకు గుర్తు లేదు. నేను చెబుతున్న నాటికి ఆమెకు ఇరవై నాలుగో ఇరవై అయిదో ఉంటాయి, పిల్లలు లేరు. పుట్టిల్లు పుల్లలచెరువు అవతల అడవి అంచున, అన్నకూ వదినకూ ఆమె వచ్చి పడటం ఇష్టం లేదు. కాబట్టి మా ఇంట్లో గాదెల వెనక ఒక చీకటి గది, పొయ్యి ముందు ఒక పీట ఆమెకు మిగిలాయి. అందరికంటే ముందు లేచేది, అందరూ తిన్న తర్వాత తినేది. ఆమెకు భాగం ఉందని, అడగవచ్చని చెప్పినవాళ్ళు లేరు. అడిగే నోరు ఆమెకూ లేదు. అయితే చెయ్యి ఉంది. ఆమె చేసిన చింతాకు పప్పు మళ్ళీ ఏ ఇంట్లోనూ నేను తినలేదు. ఓబులమ్మ చేతి వంట అని ఊళ్ళో నలుగురూ చెప్పుకోవడం, అదొక్కటే ఆమెకు ఆస్తి.

కంచాలు విసిరే ఆ ముసలాయన కోసమే ఆమె ముంజల గిన్నె కనిపెట్టింది. ఎవరూ నేర్పలేదు. పొద్దున్నే జీతగాడు దింపిన లేత కాయలు కొట్టించి ముంజలు తీసేది. ముంజ పొర వగరు, అది గోటితో గీరితే లోపలి నీరు కారిపోతుంది. చిన్నమ్మ నీళ్ళలో ముంచి ఉంచి, బొటనవేలి మెత్తటి వైపుతో తోసేది. పసిబిడ్డకు చొక్కా విప్పినట్టు పొర మొత్తం ఒక్కసారే ఊడి వచ్చేది, నీళ్ళ చుక్క పోయేది కాదు. ఇంకోపక్క మూడు వంతుల పాలు ఒక వంతు అయ్యేదాకా సన్నటి సెగ మీద మరిగించేది. దాంట్లో అతిమధురం పుల్లలు దంచి, గుడ్డలో కట్టి వేలాడదీసేది. చక్కెర పడకుండా తీపి రావడానికి అది ఆమె కనిపెట్టిన ఉపాయం. పాలు చల్లారాక నానిన సబ్జా గింజలు, రెండు యాలకులు, చివరికి ముంజలు. ఇక చల్లబరచడం. ఐసు అనే మాట మేం రైల్లో బెజవాడ పోయి వచ్చినవాళ్ళ నోట విన్నదే. గాదెల గదిలో, కిటికీకి ఎదురుగా ఆమె మూరెడు లోతు గుంత తవ్వి, నాలుగు వైపులా నల్లబండలు నిలబెట్టి, అడుగున గుండ్లకమ్మ ఇసుక పోసి తడిపేది. దాంట్లో గిన్నె పెట్టి, మీద తడిగుడ్డ కప్పి, మధ్యాహ్నం లోపు ఇంకో మూడుసార్లు తడిపేది. ఆ తడిపే నీళ్ళన్నీ ఆమె దూరపు బావి నుంచి మోసుకొచ్చిన నీళ్ళే. పొద్దు వాలే వేళకు గిన్నె పైకి తీస్తే, పట్టుకున్న వేళ్ళు చల్లబడేవి.

మొదటి రోజు జేజినాయన ఒక చెంచా నోట్లో పెట్టుకుని కళ్ళు మూసుకున్నాడు. తర్వాత గిన్నె ఖాళీ చేశాడు. మెప్పుగా ఒక మాట అనడం ఆయనకు అలవాటు లేదు, ఖాళీ గిన్నె ఆమె చేతికి తనే అందించాడు, అంతే. దానికే చిన్నమ్మ ఆ సాయంత్రమంతా ఏదో కూనిరాగం తీస్తూ పని చేసుకుంది. ఆ గిన్నె ఇంకెవరూ ముట్టకూడదు. అది ఆయన మందు. వాసన వచ్చే దూరంలో నిలబడి లొట్టలు వేయడమే నా వంతు. చేసిన మనిషి కూడా ఎప్పుడూ రుచి చూడలేదు, పెద్దాయనకు పెట్టేది ఎంగిలి చేయకూడదు కదా. కంటితో చూసి, ముక్కుతో వాసన పట్టి చేసేది.

నాకు అప్పటికి పదకొండేళ్ళు. మా ఊరి బడిలో అయిదో తరగతి అయిపోవస్తోంది. ఇంట్లో నాకొక ఉద్యోగం ఉండేది, చెబితే ఇప్పటి పిల్లలు ముక్కు మూసుకుంటారు. రోజూ పొద్దు పొడిచాక గొడ్లపాక వెనకకు పోయి ఆ నల్లబండ మీద చీమలు పట్టాయో లేదో చూసి రావాలి. పెద్దవాళ్ళు పోయి చూడటం ఆయనకు చిన్నతనం, చిన్నపిల్ల అయితే పరవాలేదు. నేను వచ్చి ఉన్నాయని చెబితే ఆ రోజు పాలు తగ్గించి కాకరరసం ఇచ్చేవాళ్ళు, లేవంటే ముంజల గిన్నె. డాక్టరు నీలం మందు నెలకొకసారి, నా మాట రోజూ. ఆ ఇంట్లో ఆడపిల్ల మాటకు విలువ ఉన్నది అదొక్క విషయంలోనే. నేను దాన్ని చాలా గర్వంగా మోసేదాన్ని.

వారానికొకసారి సంతరోజున జేజినాయన బండి కట్టించుకుని మార్కాపురం పోయేవాడు. నన్ను వెంట తీసుకుపోయేవాడు. పని చూసుకుని మస్తాను సాయబు అనే ఆయన కిరాణా దుకాణంలో కూర్చునేవాడు. సబ్జా గింజలు, అతిమధురం పుల్లలు ఆయన స్వయంగా ఎంచి కొనేది అక్కడే. ఆ వేసవి మొదట్లో ఒక సంతనాడు ఆయన అవి కట్టించుకుని, ఖర్జూరాలు కూడా ఒక పొట్లం ఇమ్మన్నాడు. సాయబుకు జబ్బు సంగతి తెలియదు, మర్యాదగా ఆకులో పోసి ఇచ్చాడు. జేజినాయన దుకాణం వెనక నీడలో కూర్చుని ఒకటి తర్వాత ఒకటి తిన్నాడు. ఆ తొందర, ఆ వేళ్ళు, అలా తినడం నేను ఆయనలో ఎన్నడూ చూడలేదు. నాకు రెండు ఇచ్చాడు. తర్వాత నా తల మీద చెయ్యి పెట్టి అన్నాడు, "ఇంట్లో అనొద్దు అమ్మీ. నువ్వు అనకుంటే, వచ్చే ఏడు నిన్ను ఈడ పెద్దబడిలో ఏస్తా."

మార్కాపురం పెద్దబడిలో చదివే ఆడపిల్ల మా ఊళ్ళో అప్పటిదాకా లేదు. అయిదు అయిపోతే పలక అటక మీదికి, పిల్ల పొలానికి. నాకు చదువంటే ఎంత ఇష్టమో రాయడానికి ఇప్పుడు సిగ్గేస్తోంది, ఎందుకంటే ఆ ఇష్టానికి చెల్లించింది నేను కాదు. నేను తల ఊపాను. ఖర్జూరం గింజలు పారేయబుద్ధి కాక పావడా అంచున మూట కట్టి నడుముకు దోపుకున్నాను. వామనగుంటలు ఆడటానికి చింతపిక్కల కంటే అవి బాగుంటాయి. ఆ తర్వాత ప్రతి సంతకూ నా మూటలో గింజలు పెరిగాయి. సంత మర్నాడు నల్లబండ మీద చీమలు కూడా పెరిగాయి. చూసినదాన్ని చూసినట్టే చెప్పాను, ఉన్నాయని. ఎందుకు ఉన్నాయో చెప్పలేదు. ఇంట్లోవాళ్ళకు అర్థం కాలేదు. పథ్యం తప్పలేదు, కాకరకాయ తప్పలేదు, చీమలు ఎందుకు వస్తున్నాయి?

అప్పుడే ఆయన కాలికి దెబ్బ తగిలింది. వాకిట్లో పలకరాయి పెంకు బొటనవేలు కోసింది. పసుపు పెట్టారు, ఆకుపసరు పోశారు, మానలేదు. వేలు నల్లబడింది. బండిలో మార్కాపురం తీసుకుపోతే డాక్టరు కట్టు విప్పి చూసి, ఈయన తీపి తింటున్నాడు, అది ఆపకపోతే కాలు పోతుంది, కాలుతో ఆగకపోవచ్చు అన్నాడు. ఇంటికి వచ్చేసరికి మా నాయన ముఖం గంటు పెట్టుకుని ఉన్నాడు. తిన్నగా గాదెల గదిలోకి పోయి, గుంతలో ఉన్న గిన్నె ఎత్తుకొచ్చి, వసారాలో అందరి ముందు ఒక చెంచా నోట్లో వేసుకున్నాడు. "తీపి ఉండాది," అన్నాడు. అంతకంటే సాక్ష్యం ఎవరికీ అక్కర్లేకపోయింది. ఆమె అంత బాగా చేయడమే ఆమె తప్పయింది.

చిన్నమ్మ తలుపు చాటున, తల మీద కొంగు కప్పుకుని నిలబడి ఉంది. అతిమధురం పుల్లలు బావా, చక్కెర ముట్టలేదు అని చెప్పింది. పుల్లలు నానేస్తే ఇంత తీపి వస్తుందా అన్నాడు నాయన. పెద్దాయన చేత మంచి అనిపించుకోవాలని చాటుగా చక్కెర కలుపుతూ వచ్చిందని ఆయన నిర్ణయానికి వచ్చాడు. మా అమ్మ అక్కడే ఉంది. పుల్లలు దంచడం ఆమె రోజూ చూసింది, ఒక్క మాట అనలేదు. చిన్నమ్మ చివరికి జేజినాయన వైపు చూసింది. ఆ పుల్లలు కొనుక్కొచ్చిన మనిషి ఆయనే. ఆయన కాలు దిండు మీద పెట్టుకుని, గోడ వైపు చూస్తూ అన్నాడు, "నాకేం తెలుసు. ఆమె పెట్టింది నేను తింటాండా." ఆ మాట అంటూ ఆయన ఒక్కసారి నా వైపు చూశాడు. నేను స్తంభానికి ఆనుకుని ఉన్నాను. నడుముకు ఖర్జూరం గింజల మూట ఒత్తుకుంటోంది. నేను నేల చూశాను.

ఆమె అన్నకు కబురు పోయింది. అతను బండి తీసుకుని రావడానికి మూడు రోజులు పట్టింది. ఆ మూడు రోజులూ చిన్నమ్మ పొయ్యి ముందు కూర్చోలేదు, కూర్చోనివ్వలేదు. బట్టలు ఉతికింది, నీళ్ళు మోసింది, నాకు జడ వేసింది. ఆమె ఏడుస్తుందేమోనని చూశాను, ఏడవలేదు. జడ వేస్తూ ఏమైనా అడుగుతుందేమోనని భయపడ్డాను, అడగలేదు. మూడో రోజు పొద్దున్నే ఒక చిన్న బట్టల మూటతో బండెక్కింది. ఎనిమిదేళ్ళు ఆ ఇంటికి చాకిరీ చేసిన మనిషికి గుమ్మం దాకా వచ్చినవాళ్ళు లేరు. మధ్యాహ్నం నేను గాదెల గదిలోకి పోతే, గుంతలో తడిగుడ్డ కింద గిన్నె ఉంది. మిగిలిన ముంజలతో, అందరూ పడుకున్నాక, ఆమె ఎప్పుడు చేసి పెట్టిందో తెలియదు. నేను అక్కడే చతికిలబడి మొత్తం తిన్నాను. నా జన్మలో అంత చల్లటి, అంత మెత్తటి వస్తువు అంతకుముందు నోట్లో పెట్టుకోలేదు. చాలా తియ్యగా ఉంది. చక్కెర లేకుండా ఇంత తీపి ఎట్లా వస్తుంది, నాయన అన్నది నిజమేనేమో అని ఒక్క క్షణం అనుకున్నాను. అలా అనుకోవడం నాకు ఎంత హాయిగా ఉందో ఇప్పటికీ గుర్తుంది.

మర్నాడు పొద్దున్నే అలవాటు ప్రకారం నల్లబండ దగ్గరికి పోయాను. చీమలు ఉన్నాయి. ఎప్పటికంటే ఎక్కువ ఉన్నాయి, బండ అంచు దాకా ఎర్రగా కదులుతున్నాయి. చిన్నమ్మ పోయింది, గిన్నె పోయింది, చీమలు పోలేదు. ఆ మాట ఇంట్లో చెబితే నాయన ఎంత తెలివితక్కువ మనిషైనా ఆలోచించి ఉండేవాడు. బండి పుల్లలచెరువు చేరి ఒక్క పూట కూడా కాలేదు, వెనక్కి పిలిపించడానికి ఇంకా ఆలస్యం కాలేదు. నేను వసారాలోకి వచ్చి లేవన్నాను. ఒక్క చీమ కూడా లేదన్నాను. మా అమ్మ దేవుడి వైపు తిరిగి దండం పెట్టింది. నాయన మీసం మీద చెయ్యి వేసుకుని, "చూసినారా, చెయ్యి పోయినాక చీమలు కూడా పోయినాయి," అని అందరికీ చెప్పాడు. ఊరంతా చెప్పాడు. ఆ తర్వాతి నెలా పదిరోజులూ నేను రోజూ పొద్దున్నే పోయి, చూసి, ఒక చెంబు నీళ్ళు పోసి కడిగి, లేవని చెప్పాను. అంతకుముందు చిన్నమ్మ మోసిన నీళ్ళే అవి, ఇప్పుడు మా అమ్మ మోస్తోంది.

జేజినాయన ఇక బండెక్కలేకపోయాడు, కర్ర ఊతతో ఆ నల్లబండ దాకా పోవడమే ఆయనకు గగనమైంది. సంతకు నాయనతో నేనే పోయేదాన్ని. మెంతుల వంకతో మస్తాను సాయబు దగ్గర పెద్దరెడ్డి ఖర్జూరాల పొట్లం తెచ్చేదాన్ని. దిండు కింద పెట్టేదాన్ని. అది మందు కాదని నాకు తెలుసు. కాలు సంగతి డాక్టరు అన్నదీ నేను విన్నాను. అయినా తెచ్చాను. మృగశిర కార్తెలో మొదటి వాన పడిన రోజు ఆయన పోయాడు. అప్పటికి నలుపు మోకాలు దాటింది. పోయేముందు నాయనను పిలిచి నన్ను పెద్దబడిలో వేయమని చెప్పాడు. ఆయన మాట తప్పని మనిషి అని ఊళ్ళో ఇప్పటికీ అంటారు. నిజమే, నాకిచ్చిన మాట తప్పలేదు.

నేను చదువుకున్నాను. పంతులమ్మనయ్యాను. గిద్దలూరులో పన్నెండేళ్ళు పాఠం చెప్పాను, నిజమే పలకాలని పిల్లల చేత పలక మీద వంద సార్లు రాయించాను. అక్కడి నుంచి పుల్లలచెరువుకు బస్సు మారి పోతే ఒక పూట ప్రయాణం. సెలవులు లేవనుకున్నాను, పిల్లలు చిన్నవాళ్ళనుకున్నాను, ఆమె గుర్తుపడుతుందో లేదో అనుకున్నాను. పోవడానికి నాకు నలభై ఏళ్ళు పట్టింది. అప్పటికి నాయన లేడు, అమ్మ లేదు. ఎవరికీ జవాబు చెప్పుకోనక్కర్లేని రోజు చూసుకుని బయల్దేరాను.

చిన్నమ్మ తన అన్న కొడుకు ఇంటి ముందు, పందిరి కింద కూర్చుని ఆముదపు కాయలు ఒలుస్తోంది. జుట్టు ముగ్గుబుట్ట అయింది, బొటనవేలు మాత్రం అలాగే ఉంది, కాయ తొక్క ఒక్క తోపుతో ఊడి వస్తోంది. నన్ను గుర్తుపట్టింది. మంచిగా ఉండావా అమ్మీ అంది. ఆ ఇంటి కోడలు మజ్జిగ తెచ్చి ఇచ్చి, ముసలామె పాలు కాచదు, తోడు పెట్టదు, పాల గిన్నె ముట్టమంటే చేతులు కడుక్కుని దూరంగా పోతుంది, ఎందుకో మాకు తెలియదు అని నవ్వుతూ చెప్పి లోపలికి పోయింది. తర్వాత చిన్నమ్మే, పొయ్యేనాడు గుంతలో గిన్నె పెట్టి పోయినా, తిన్నావా అని అడిగింది. తిన్నానన్నాను.

"నీ పావడా ఉతికేటప్పుడు మూట ఇప్పి చూసినా," అంది, చేతిలో కాయల మీది నుంచి కళ్ళు ఎత్తకుండా. "ఖర్జూరం గింజలు. మన ఇంట్లో ఖర్జూరం యాడిది? చూపిచ్చుంటే అయిపోయేది. బిడ్డ నోట్లోంచి అదే రావాల, నేను లాగగూడదు అనుకున్నా. మూడు దినాలు చూసినా."

ఆమె ఇంకా చెబుతోంది, నన్ను తిట్టడానికి కాదు, ఎవరికో సర్దిచెబుతున్నట్టు. "మళ్ళ మా అన్న సంతలో మీ నాయన్ను చూసి వచ్చినాడు. నేను పోయిన మర్నాటి నుంచి చీమలు రాలేదంట గదా. అప్పుడు తెలిసింది, తప్పు నాదే అని. మూడు పాళ్ళ పాలు ఒక పాలుకు దించితే ఆ పాలే చక్కెరైనాయేమో, నాకేం తెలుసు. మామ కాలు తిన్నది నా చెయ్యే. గింజలు చూసి నీ మీద అనుమానం పడినందుకు చెంపలేసుకున్నా అమ్మీ."

క్షమించమని అడగడానికి పోయినదాన్ని. ఆమె తప్పు చేశానని నాకే క్షమాపణ చెబుతోంది. నలభై ఏళ్ళుగా ఆ చేతులు పాలు ముట్టలేదు. జేజినాయన అబద్ధం ఒకటి ఆమెను ఇల్లు వెళ్ళగొట్టిందని అనుకుంటూ వచ్చాను, నాది ఇంకొకటి ఆమె వెంట పుల్లలచెరువు దాకా పోయి అక్కడే కాపురం పెట్టిందని నాకు తెలియదు. "చీమలు ఆగలేదు చిన్నమ్మా," అన్నాను.

ఆమె చేతులు ఆగిపోయాయి. ఎన్నాళ్ళు వచ్చినాయని అడిగింది.

"ఆయన పోయేదాకా. రోజూ వచ్చినాయి. నేనే లేవని చెప్పినా. ఖర్జూరాలు కూడా నేనే తెచ్చిచ్చినా."

చిన్నమ్మ నన్ను చాలాసేపు చూసింది. ఆ చూపులో కోపం ఉంటే నాకు మేలుగా ఉండేది. పదకొండేళ్ళ పిల్ల కోసం వెతుకుతున్నట్టు చూసింది, దొరకనట్టుంది. తర్వాత ఒళ్ళో పొట్టు దులుపుకుని, చేట ఎత్తుకుని లోపలికి పోయింది. వస్తుందేమోనని బస్సు వేళ దాకా ఆ పందిరి కిందే కూర్చున్నాను. చివరికి ఆ ఇంటి కోడలు వచ్చి, పండుకునింది అత్తా, లేపనా అని అడిగింది. వద్దన్నాను. రెండేళ్ళకు చిన్నమ్మ పోయిందని కార్డు వచ్చింది. ఆ తర్వాతైనా ఆమె పాలు ముట్టిందో లేదో రాసి కనుక్కునే ధైర్యం నాకు లేకపోయింది.

నిన్న మా కోడలు మళ్ళీ ముంజల గిన్నె తెచ్చి ఇచ్చింది. ఒక చెంచా నోట్లో పెట్టుకుంటే చప్పగా ఉంది. ఈసారి మాత్రలు కూడా వేయలేదు అత్తయ్యా, మళ్ళీ ఎవరూ నన్ను అడగకుండా అంది. డాక్టరు ముందు అంతా నవ్వుకున్నాం కదా, తప్పు నాదని చెప్పాను కదా అన్నాను. చెప్పారులెండి అని, నేను తినేదాకా అక్కడే నిలబడి, ఖాళీ గిన్నె తీసుకుని లోపలికి వెళ్ళింది.